సరిచేసిన సముద్రం

పాలరేవు,
జనవరి 8

వీణా,

ఫోన్ చేస్తే "కాగితం మీద రాసి ఇంటికి పంపు, ఆఫీసు లాప్‌టాప్ మీదా ఫోన్ మీదా వాళ్ల కన్ను ఉంటుంది" అని పెట్టేశావు. సరే. హాస్టల్లో ఒకే గదిలో ఉంటూ కూడా అలిగినప్పుడల్లా చీటీలు రాసుకున్నవాళ్లం, మనకేం కొత్త. పోస్టాఫీసులో కవరు అడిగితే గుమాస్తా నన్ను వింతగా చూశాడు.

నీకు సగమే తెలుసు కాబట్టి మొదటి నుంచి చెబుతాను. మా ఊరి థర్మల్ కంపెనీ యంత్రాలను చల్లార్చిన నీటిని కాలువ తవ్వి సముద్రంలోకి వదులుతుంది. కిందటి వేసవిలో ఆ వైపు నీళ్లు కాగిపోయి చేపలు ఎటో పోయాయి. పడవలు ఖాళీగా తిరిగొస్తుంటే రేవు జనం డిగ్రీ కాలేజీలో ఫిజిక్స్ చెప్పుకునే నా దగ్గరికి వచ్చారు. నేను విశాఖలో సముద్ర శాస్త్రం చదివానని ఎవరో చెప్పారట. మీ కంపెనీ నడిపే పోర్టల్‌లో మా రేవుకు ఎదురుగా లంగరేసి తేలుతూ నీటి వేడిని కొలిచే బోయ్ పంపే లెక్కలు ఎవరైనా చూడవచ్చు కదా. జూన్‌లో చూశాను. మే నెలలో సగానికి పైగా రోజులు నీటి వేడి ముప్పై మూడు డిగ్రీలు దాటి ఉంది. ఆ గ్రాఫును దించుకుని, కంపెనీ రెండో యూనిట్ కోసం అక్టోబరులో పెట్టిన ప్రజాభిప్రాయ సేకరణలో నా నివేదికతో పాటు ఇచ్చాను.

థర్మల్ కంపెనీ లాయరు అక్కడికక్కడే తెర మీద మీ పోర్టల్ తెరిచాడు. అదే బోయ్, అదే మే నెల. ఎక్కడా ముప్పై ఒకటి దాటలేదు. "మేడంగారు ఈ అంకెలు ఏ సముద్రంలోంచి తోడుకొచ్చారో మరి" అన్నాడు. వేదిక మీద ఉన్నవాళ్లు నవ్వారు. నన్ను నమ్ముకుని వచ్చిన రేవు జనం తలలు దించుకున్నారు.

ఇప్పుడు మా శాఖ నా మీద విచారణ వేసింది. లేని అంకెలు కల్పించి సభను తప్పుదోవ పట్టించానట. విచారణాధికారి సీతారామయ్యగారు రిటైరైన ప్రిన్సిపాల్, చెడ్డవారు కాదు. "అమ్మా, ఆ అంకెలు అప్పుడు అక్కడ ఉన్నాయని చూపించు, ఫైలు మూసేస్తాను" అన్నారు. ఏం చూపించను? గ్రాఫు బొమ్మే ఉంచుకున్నాను, అసలు ఫైలు దించుకోలేదు. నివేదికలో పోర్టల్ లింకు ఇచ్చాను, ఏ తేదీన చూశానో వేయలేదు. మనవాళ్లంతా అలాగే ఇస్తారు. ఆ లింకు నొక్కితే ఇప్పుడు లాయరు చూపించిన అంకెలే వస్తున్నాయి.

ల్యాబులో పిల్లల చేత ఒక్క రీడింగు దిద్దించని దాన్ని వీణా. రికార్డులో రబ్బరుతో చెరిపిన గుర్తు కనిపిస్తే మార్కులు కోసేదాన్ని. ఇప్పుడు క్లాసులోకి వెళితే వెనక బెంచీల్లోంచి నవ్వు వినిపిస్తోంది. ఉద్యోగం సంగతి తర్వాత, నాకు మిగిలింది ఆ పేరొక్కటే.

ఆ అంకెలు ఏమయ్యాయి? నేను చూశానా, కలగన్నానా?

నీ
ప్రత్యూష


ఘాజియాబాద్,
జనవరి 17

ప్రత్యూషా,

నువ్వు కల కనలేదు. ముందు అది చెప్పి, తర్వాత మిగతావి.

ఇక్కడ పొగమంచుకు ఎదురు ఫ్లాట్లు కూడా కనబడటం లేదు. ఆఫీసు క్యాబ్ డ్రైవరు తల బయటికి పెట్టి "దీదీ, భగవాన్ భరోసే" అంటూ దేవుడి మీద భారం వేసి నోయిడా దాకా లాక్కెళుతున్నాడు. నీ ఉత్తరం క్యాబ్‌లోనే చదివాను. చదివి ఆ రోజంతా ఒక్క పనీ సరిగా చేయలేదు.

జరిగింది ఇది. బోయ్ పంపే ప్రతి రీడింగూ మా దగ్గర ఒక వడపోత గుండా పోతుంది. ఆ చోట, ఆ నెలలో, వెనకటి సంవత్సరాల్లో నీళ్లు ఎంత వేడిగా ఉండేవో చూసి ఒక గీత గీశారు. రీడింగు ఆ గీత దాటితే సెన్సర్ పాడైందని ప్రోగ్రామ్ తీర్మానిస్తుంది. నాచు పట్టో, పడవలు గుద్దో సెన్సర్లు నిజంగానే పాడవుతుంటాయి, అందుకే అది పెట్టారు. సెప్టెంబరులో ఆ ఏడాది డేటా మొత్తాన్ని మళ్లీ వడకట్టారు. మీ మే నెల గీత దాటింది కదా, చెడ్డ రీడింగుల కింద తీసేసి ఆ ఖాళీల్లో పాత సంవత్సరాల సగటు నింపారు. పాత ఫైలు ఉన్న చోటే కొత్తది పెట్టారు. మార్చామని ఎక్కడా ఒక్క ముక్క రాయలేదు. రాసే అలవాటు మా దగ్గర లేదు.

నువ్వు జూన్‌లో చూసిన ఫైలు బ్యాకప్‌లో ఉంది. మొన్న నేనే తెరిచి చూశాను. ముప్పై మూడు దాటిన రోజులన్నీ నువ్వు చెప్పినట్టే ఉన్నాయి.

మా మేనేజరు ఫణికుమార్ హైదరాబాదు మనిషి, మాట వింటాడు. కంపెనీ తరఫున సీతారామయ్యగారికి ఒక్క ఉత్తరం వెళితే నీ పీడ వదిలిపోతుంది. అది నాకు వదిలెయ్. ఈలోగా ఇంకెవరినీ కదపకు. బయటివాళ్లు వేలు పెడితే మావాళ్లు బిగుసుకుపోతారు. ఈ ఉత్తరం కూడా ఎవరికీ చూపించకు, ఇవన్నీ నేను నీకు చెప్పకూడని సంగతులు.

అన్నం మానేయకు. నీ సంగతి నాకు తెలుసు.

నీ
వీణ


పాలరేవు,
ఫిబ్రవరి 6

ఒసేయ్ వీణా,

నీ ఉత్తరం చదివి చాలా రోజుల తర్వాత కడుపు నిండా తిన్నాను. ముద్దపప్పు, ఆవకాయ. నువ్వు పక్కన ఉంటే నా కంచంలోంచి లాక్కునేదానివి.

సీతారామయ్యగారికి గడువు కావాలని అర్జీ పెట్టాను. "పోర్టల్ వాళ్ల దగ్గర్నుంచి ధ్రువపత్రం వస్తుందండీ" అన్నాను. నీ పేరు ఎత్తలేదు. "రానీ అమ్మా, నాకూ అదే కావాలి" అన్నారు. ఆయన ముఖంలో కూడా కాస్త వెలుతురు కనిపించింది.

రేవులో కోటమ్మ రోజూ నన్ను నిలేస్తోంది. ఆవిడ కొడుకులిద్దరూ పడవ అమ్ముకుని చెన్నై వెళ్లే ఆలోచనలో ఉన్నారు. "మీ అంకెలు నమ్ముకుని సబకొచ్చి నవ్వులపాలైనాం. ఆ కాయితం ఎప్పుడొత్తాదమ్మా? రాకపోతే నేదని సెప్పీ, ఎదురుసూపులు తప్పుతాయి" అంది. నాకు కోపం రాలేదు. వస్తుందని గట్టిగా చెప్పాను.

నీ వడపోత గురించి ఆలోచిస్తుంటే మాత్రం ఒళ్లు మండుతోంది. పిల్లాడికి నూట మూడు జ్వరం ఉంటే, ఎప్పుడూ ఇంత లేదు కాబట్టి థర్మామీటరు పాడైందని పారేసినట్టుంది. సముద్రం వేడెక్కుతోందని తెలుసుకోవడానికి ఆ బోయ్ వేశారు. వేడెక్కిందని అది చెబితే నోరు మూసేస్తారా? నీ మీద కాదులే కోపం. నువ్వు ఆ కుర్చీలో ఉండబట్టే నాకు నిజం తెలిసింది.

ఇంకో మాట. చెన్నైలో ఒక సంస్థలో సముద్రపు వేడి మీదే పనిచేసే పృథ్వీరాజ్ అనే ఆయన నా సంగతి పేపర్లో చదివి ఫోన్ చేశారు. మీ పోర్టల్ ఫైళ్లను ప్రతి నెలా దించి దాచుకునే అలవాటట. మా మే నెల ఆయన దగ్గర ఉందట. వచ్చి సాక్ష్యం చెబుతానన్నారు. నువ్వు ఎవరినీ కదపవద్దన్నావు కాబట్టి "ఇప్పుడే వద్దండీ, పోర్టల్ కంపెనీయే ధ్రువపత్రం ఇస్తోంది" అని చెప్పాను. ఆయన కాస్త ఆశ్చర్యపోయారు. మంచి పనే చేశానా?

ఫణికుమార్‌ను తొందరపెట్టు.

నీ
ప్రత్యూష


ఘాజియాబాద్,
మార్చి 14

ప్రత్యూషా,

ఆలస్యానికి ఏమీ అనుకోకు. ఆఫీసులో నాకు కొత్త హోదా ఇచ్చారు. ఇంటికి వచ్చేసరికి ఒంట్లో ఓపిక మిగలడం లేదు.

నీ విషయం ఫణితో మాట్లాడాను. అచ్ఛా, చూద్దామన్నాడు. ప్రభుత్వ శాఖతో మా కాంట్రాక్టు ఈ నెలాఖరుకు మళ్లీ ఖాయం కావాలి. ఆ తలనొప్పిలో ఉన్నాడు. కంపెనీ నుంచి సీతారామయ్యగారికి జవాబు వెళుతుంది. ఏ మాటల్లో వెళుతుందనేది నా చేతిలో పూర్తిగా లేదు. నువ్వు మరీ ఎక్కువ ఆశలు పెట్టుకుని ఊరంతా చెప్పకు.

పోర్టల్‌కు లాగిన్ పెట్టారు, చూసే ఉంటావు. డేటా కావాలంటే సంస్థల తరఫున అడగాలి, కొన్ని షరతులకు ఒప్పుకోవాలి. నా నిర్ణయం కాదు. దుర్వినియోగం అవుతోందని పైనుంచి వచ్చింది. దుర్వినియోగం అంటే నీ గురించి కాదు.

చెన్నై ఆయన్ను ఇప్పుడు పిలవడం మంచిదా కాదా నేను చెప్పలేను. నీ ఇష్టం. నా జనవరి ఉత్తరం చింపేశావనుకుంటాను.

ఇక్కడ ఎండలు మొదలయ్యాయి.

వీణ


పాలరేవు,
ఏప్రిల్ 23

శ్రీమతి వీణగారికి,

డేటా నాణ్యత విభాగానికి లీడ్‌గా మీకు దక్కిన హోదాకు అభినందనలు. ఆ హోదా పేరు నాకెలా తెలిసిందని అనుకోకండి. నిన్న విచారణలో మీ కంపెనీ జవాబు నకలు నా చేతికిచ్చారు. అడుగున మీ సంతకం, సంతకం కింద మీ హోదా ఉన్నాయి.

మొత్తం ఒక్క వాక్యం. "ప్రస్తుతం పోర్టల్‌లో ఉన్న విలువలు మినహా, సదరు బోయ్‌కు సంబంధించి మరే విలువలనూ మా సంస్థ ధ్రువీకరించదు." సీతారామయ్యగారు రెండుసార్లు చదివి కళ్లజోడు తీసి పక్కన పెట్టారు. "ఇదేనా అమ్మా నువ్వు వస్తుందన్న కాగితం" అని అడిగారు. అవునన్నాను. ఇంకేమనాలి?

ఆ జవాబు మీద తేదీ ఫిబ్రవరి 27. నువ్వు నాకు "జవాబు వెళుతుంది, ఏ మాటల్లోనో నా చేతిలో లేదు" అని రాసింది మార్చి 14న. అప్పటికే ఆ మాటల కింద నీ చెయ్యి పడింది. ఇంత తీరికగా, ఇంత చల్లగా ఎలా రాశావే? ఎండలు మొదలయ్యాయని కూడా రాశావు.

రాత్రికి రాత్రే పృథ్వీరాజ్‌గారికి ఫోన్ చేశాను. మార్చిలో మీ లాగిన్ కోసం వాళ్ల సంస్థ మీ షరతుల మీద సంతకం చేసిందట. పాత కాపీలు ఎవరి దగ్గరున్నా చెరిపేయాలనేది అందులో ఒక షరతు. "ఫిబ్రవరిలో రమ్మని ఉంటే పెన్‌డ్రైవ్ పట్టుకుని వచ్చేవాణ్ణి మేడం. మీరే వద్దన్నారు" అన్నారు. ఆయనను వద్దనిపించింది నువ్వు. ఆయన దగ్గరున్నది చెరిపించింది మీ కంపెనీ. నాకు తెలియక అడుగుతున్నాను, ఆ షరతు ఎవరికి తట్టింది? పృథ్వీరాజ్ గురించి మీ ఆఫీసులో నువ్వు ఎవరికీ చెప్పలేదు కదా? చెప్పి ఉంటావని అనుకోవడానికి కూడా నాకు సిగ్గుగా ఉంది.

కాగితం మీద రాయమన్నావు. నన్ను కాపాడటానికి అనుకున్నాను. మెయిల్ అయితే మీ ఆఫీసులో జాడ ఉండిపోతుందని నీ భయం అన్నమాట.

ప్రత్యూష


ఘాజియాబాద్,
మే 11

ప్రత్యూషా,

నన్ను గారూ గీరూ అని పిలిచి నువ్వు పెద్దమనిషివి అయిపోయావనుకోకు.

అవును, సంతకం పెట్టాను. ఆ వాక్యం రాసింది ఫణి. నేను నీ స్నేహితురాలినని, సాయం చేయాలని అడగడానికి వెళ్లి నేనే చెప్పాను. అంతా విన్నాడు. విని, "నీ దోస్తే కదా, నువ్వే సంతకం పెట్టు. అండ్ల అబద్ధమైతే ఏం లేదు. లేకుంటే బ్యాకప్ సంగతి ఆమెకు ఎవలు చెప్పిన్రో పూఛ్‌తాచ్ అయితది, అందర్ని ఆరా తీస్తరు, ఫిర్ నేనేం చెయ్యలేను" అన్నాడు. చిరునవ్వుతోనే అన్నాడు. పృథ్వీరాజ్ సంగతి కూడా నేనే చెప్పాను. బయట కాపీ ఉంది, మనం దాచినా దాగదు, నిజం ఒప్పుకోవడమే మంచిదని వాదించడానికి చెప్పాను. వాళ్లు ఇంకో రకంగా వాడుకున్నారు. నువ్వు నమ్మవు, నాకు తెలుసు.

మార్చిలో నీకు అలా ఎందుకు రాశానో కూడా చెబుతాను. నిజం రాయడానికి కూర్చున్నాను, చేతకాలేదు. అంతే.

మా ఆయన హేమసుందర్‌ను కిందటి దీపావళికి ముందు ఉద్యోగంలోంచి తీసేశారు. నీకు చెప్పలేదు, ఎవరికీ చెప్పలేదు. రోజూ పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని సొసైటీ గేటు దాటి వెళ్లి మాల్‌లో కూర్చుని వస్తాడు, పక్క ఫ్లాట్లవాళ్లు అడుగుతారని. సాత్వికకు కూడా తెలియదు. పన్నెండేళ్ల పిల్లకు నాన్న అబద్ధం చెబుతున్నాడు, నేను పక్కనుండి వంత పాడుతున్నాను. ఇప్పుడు నా ఒక్క జీతం మీద ఇల్లు నడుస్తోంది. నువ్వైతే ఏం చేసేదానివి? నీకు పోషించాల్సినవాళ్లు లేరు. నిజాయితీగా ఉండటం నీకు సులువు.

కోపంలో ఆ మాట అన్నాను. కొట్టేయను, ఉండనీ.

ఇంకో మాట కూడా అనాలి. తేదీ ఎందుకు వేయలేదు నువ్వు? ఫైలు ఎందుకు దించుకోలేదు? మనకు ప్రాక్టికల్స్‌లో మొదట నేర్పింది అదే కదా. అందరూ చేసే తప్పే నువ్వూ చేశావు, నేను చేసిందీ నా చోట అందరూ చేసేదే.

బ్యాకప్ కూడా ఇప్పుడు లేదు. మార్చిలో తీసేశారు. ఎవరి చేత తీయించారని అడగకు.

నా జనవరి ఉత్తరం నువ్వు చింపి ఉండవు. నీకు అంత తొందరగా ఏదీ పారేసే అలవాటు లేదు. అందులో అంతా నా చేతిరాతతో ఉంది. సీతారామయ్యగారి ముందు పెడితే నువ్వు బయటపడతావు. నేను మునిగిపోతాను. పెట్టవద్దని అడిగే ముఖం నాకు లేదు. అయినా అడుగుతున్నాను.

వీణ


పాలరేవు,
ఆగస్టు 19

వీణా,

విచారణ ముగిసింది. అభియోగం రుజువైందని సీతారామయ్యగారు రాశారు. ఇంక్రిమెంట్లు ఆపారు. నన్ను ల్యాబు నుంచి తప్పించి పరీక్షల విభాగంలో కూర్చోబెట్టారు. సభలో చెప్పిన అంకెలు నిరాధారమని సంతకం చేసి ఇవ్వమన్నారు, చేసిచ్చాను. ఆ కాగితం చూపించి థర్మల్ కంపెనీ రెండో యూనిట్ అనుమతి తెచ్చుకుంది. కోటమ్మ కొడుకులు పడవ అమ్మేసి వెళ్లిపోయారు. ఆవిడ నన్ను చూస్తే పక్క సందులోకి తిరుగుతుంది.

ఈ వేసవి కూడా నీళ్లు కాగాయి. కాలేజీ లాగిన్‌తో మీ పోర్టల్ చూశాను. మే నెల మళ్లీ చల్లగా, సగటుగా, చక్కగా ఉంది. మీ విభాగం బాగా పనిచేస్తోంది.

నీ ఉత్తరం చింపలేదు. నువ్వు మేలో అంత రాశాక కూడా, పెట్టడానికే నిశ్చయించుకున్నాను. నాకు పోషించాల్సినవాళ్లు లేరన్న మాట చదివాక ఇంకా గట్టిగా నిశ్చయించుకున్నాను. ఆఖరి విచారణ జులై చివర్లో. ఉత్తరాన్ని సంచిలో సర్దిపెట్టుకున్నాను. ఆ ముందు రోజు సాయంత్రం సాత్విక ఫోన్ చేసింది. నీకు చెప్పి చేసిందో లేదో నాకు తెలియదు. చెప్పి చేయించి ఉంటే మాత్రం, ఈ జన్మకు నాతో మాట్లాడకు.

స్కూల్లో సైన్స్ ప్రాజెక్టట. సముద్రపు వేడి మీద చేస్తోందట. అమ్మ స్నేహితురాలి ఊరని మా రేవునే తీసుకుందట. మమ్మా కంపెనీ పోర్టల్ నుంచి స్కూలు లాగిన్‌తో అన్నీ తనే దించుకున్నానని గర్వంగా చెప్పింది. ఒక్క ఏడు తప్పిపోకుండా గీసిందట. "ఆంటీ, మీ దగ్గర సీ ఎక్కువ గరమ్ అవ్వట్లేదు, దేఖియే" అని గ్రాఫు పంపింది. ఆ ఊళ్లో ఉండే సైన్స్ మనిషి ఎవరైనా సరిచూశారని చెబితే పై పోటీకి పంపుతామన్నారట టీచరు. "గ్రాఫ్ తో ఠీక్ హై న, ఆంటీ? ఒక్క వాయిస్ మెసేజ్ పెట్టండి, ప్లీజ్" అంది. ఆ గ్రాఫులో కిందటేడు మే దగ్గర పిల్ల ఆకుపచ్చ పెన్సిల్‌తో నార్మల్ అని రాసింది.

తప్పు అని చెప్పడానికి నోరు తెరిచాను. ఎందుకు తప్పు ఆంటీ అని అడుగుతుంది. మీ అమ్మను అడుగు అనాలి. ఆ ఇంట్లో ఒకరు ఇస్త్రీ చొక్కా వేసుకుని మాల్‌లో కూర్చుంటున్నారని నువ్వే రాశావు. ఆ పిల్లకు నేను ఇంకెన్ని చెప్పను? ఠీక్ హై బేటా అన్నాను. పేరు, హోదా చెప్పి, సరిచూశానని వాయిస్ మెసేజ్ పెట్టాను. థాంక్యూ ఆంటీ అని ముద్దులు పంపింది.

అది అన్నాక మర్నాడు నీ ఉత్తరం తీసి ఏ ముఖంతో చూపించను? సంచి తెరవకుండా కూర్చుని వచ్చాను. నిన్ను క్షమించానని అనుకోకు. క్షమించలేదు.

ఇన్ని నెలలూ ఎవరు ఏమన్నా, లేని అంకెలు నేను ఎన్నడూ చెప్పలేదని తలెత్తి అన్నాను. నేను వాళ్లు ఓడించిన మనిషిని, అబద్ధాలకోరును కాదని రోజూ నాకు నేను చెప్పుకునేదాన్ని. ఇప్పుడు ఆ మాట నాకు నేను కూడా చెప్పుకోలేను. తప్పని తెలిసిన అంకెలను సరైనవని నా పేరు పెట్టి చెప్పాను. పోటీలో పిల్లకు బహుమతి వచ్చిందని నిన్న మెసేజ్ పెట్టింది. చాలా సంతోషంగా ఉంది పాపం.

ప్రత్యూష